స్మైట్‌కి బోనస్ యాక్షన్ ఎందుకు?

డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఆటలో పాలడిన్ (దేవుడి పేర పోరాడే యోధుడు) కొట్టే డివైన్ స్మైట్ అనే దెబ్బని 2024 రూల్‌బుక్‌లో స్పెల్‌గా (మంత్రంగా) మార్చేశారని మండిపడేవాళ్లలో నేను లేను. స్పెల్ చేయడం మంచిదే అంటాను. దానికి బోనస్ యాక్షన్ కూడా కట్టమన్నారే, నా పేచీ అక్కడ. హైదరాబాద్‌లో నేను కూర్చున్న ప్రతి టేబుల్ దగ్గరా ఈ రెండింటినీ ఒకే పద్దులో వేసి మాట్లాడటం చూశాను. తిట్టేవాళ్లు కలిపి తిడతారు, వెనకేసుకొచ్చేవాళ్లు కలిపే వెనకేసుకొస్తారు. విడివిడిగా చూస్తే ఒకటి ఆటని బాగుచేసింది, రెండోది ఊరికే జేబు తడిమింది.

ఆట తెలియనివాళ్ల కోసం కాస్త. డంజన్స్ అండ్ డ్రాగన్స్ 1974లో అమెరికాలో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ తెచ్చిన ఆట. బల్ల చుట్టూ కూర్చుంటాం. ఒకరు డంజన్ మాస్టర్‌గా కథ నడుపుతుంటే మిగతావాళ్లం తలా ఒక క్యారెక్టర్ ఆడతాం. పని జరిగిందా లేదా అన్నది చాలావరకు ఇరవై ముఖాల డైస్ తేలుస్తుంది. యుద్ధం మొదలైతే మన వంతులో ఒక యాక్షన్ ఉంటుంది, దానికి తగ్గ విద్య ఏదైనా ఉంటే ఒక బోనస్ యాక్షన్. ఒక రియాక్షన్ కూడా ఉంటుంది, అది ఎక్కువగా ఎదుటివాళ్ల వంతులో పనికొస్తుంది. కత్తి దూయడం ఒక రకం యాక్షన్, స్పెల్ వేయడం ఇంకో రకం. ఫైటర్‌కీ (ఉత్త యోధుడు) పాలడిన్‌కీ అయిదో లెవెల్‌లో ఎక్స్‌ట్రా అటాక్ వస్తుంది కానీ అది కత్తి దూసినప్పుడే పనిచేస్తుంది. అంటే రెండు వేట్లు వెయ్యి, లేదంటే ఒక స్పెల్ వెయ్యి. ఈ గోడ దగ్గరే గొడవంతా.

గోడ అసలు ఉండాలా అంటే, ఉండాలి. కత్తి పట్టినవాడే స్పెల్స్ కూడా అంతే ధాటిగా వేసుకుపోతే ఇక విజార్డ్‌ని (మాంత్రికుణ్ని) ఎవరు ఆడతారు? ఆట పుట్టినప్పటి నుంచీ ఈ రెండు విద్యలూ కావాలనుకున్నవాళ్ల దగ్గర ఏదో ఒక ధర వసూలు చేస్తూనే ఉన్నారు. ఎడిషన్ మారినప్పుడల్లా వసూలు చేసే చోటు మారింది, అంతే. 1974 పుస్తకాల్లో మాంత్రికుడి చేతికి బాకు తప్ప ఇంకేం ఇవ్వలేదు. ఎల్ఫ్ అనే జాతివాడికి రెండు విద్యలూ వచ్చు గానీ ఈసారి యోధుడా మాంత్రికుడా అన్నది ఆట మొదలుకాక ముందే తేల్చుకోవాలి, మధ్యలో మారడానికి లేదు. 1981 బేసిక్ సెట్‌లో ఎల్ఫ్ రెండూ ఒకేసారి చేయగలడు. బదులుగా రెండో లెవెల్ ఎక్కడానికి అతనికి 4,000 ఎక్స్‌పీ (అనుభవ పాయింట్లు) కావాలి, ఫైటర్‌కి 2,000 చాలు. మూడో ఎడిషన్ వచ్చాక కవచం మీద పన్ను పడింది. ఫుల్ ప్లేట్ తొడుక్కున్న విజార్డ్ చేతులు కదిపి స్పెల్ వేయబోతే నూటికి 35 పాళ్లు అది తుస్సుమనేది. 2014లో అయిదో ఎడిషన్ ఆ లెక్కలన్నీ తీసేసింది. నీకు ఆ కవచం వాడటం వస్తే అది తొడుక్కునే స్పెల్ వేసుకో అంది. మరి ధర ఎక్కడ? చాలావరకు యాక్షన్లలో. కాస్త చేతుల్లో.

ఆ చేతుల సంగతి చెప్పకుండా ముందుకు వెళ్లలేను. నేను ఆడేది క్లెరిక్, అంటే పూజారి. ఒక చేతిలో గద, ఇంకో చేతిలో డాలు, డాలు మీద దేవుడి గుర్తు. బ్లెస్ స్పెల్‌కి మాట, సైగ, వస్తువు మూడూ కావాలి. డాలు మీది గుర్తు ఆ వస్తువు కింద చెల్లుతుంది, వస్తువు పట్టుకున్న చేతితోనే సైగ కూడా చేయొచ్చు. కాబట్టి బ్లెస్ పడుతుంది. గాయాలు మాన్పే క్యూర్ ఊండ్స్‌కి మాట, సైగ చాలు, వస్తువు అక్కర్లేదు. వస్తువు అక్కర్లేదు కాబట్టి డాలు పట్టిన చేయి చెల్లదు, ఇంకో చేయి ఖాళీగా ఉండాలి. తక్కువ కావలసిన స్పెల్‌కి ఎక్కువ ఇబ్బంది! మా డీఎం (డంజన్ మాస్టర్) మా పెదనాన్న కొడుకే. పక్కవాడు నేలకూలి ఉంటే నేను క్యూర్ ఊండ్స్ అన్నప్పుడల్లా "గద ఎక్కడ పెట్టావ్ రా?" అని అడిగేవాడు. "కింద పడేశాను అన్నయ్యా." "మళ్లీ తీసుకున్నావా?" "తీసుకున్నాను." వదిలేయడం ఉచితం, వంతుకి ఒక వస్తువు ఎత్తుకోవడమూ ఉచితం. రూల్ ప్రకారం ఏ తప్పూ లేదు. కానీ యుద్ధం నడిమధ్య ప్రతి వంతులోనూ గద జారవిడిచి ఏరుకునే పూజారిని ఒక్కసారి ఊహించుకోండి. కొన్నాళ్లకి అన్నయ్యే విసుగెత్తి అడగడం మానేశాడు. వార్ క్యాస్టర్ అనే ఫీట్ (క్యారెక్టర్‌కి అదనంగా వచ్చే నైపుణ్యం) తీసుకుంటే ఈ బాధ ఉండదనుకోండి. గద నేల మీద పడేయకుండా ఉండటానికి ఫీట్ ఖర్చు పెట్టడం నాకు మనస్కరించలేదు.

యాక్షన్ల ధర ఇంకా ఆసక్తిగా ఉంటుంది. 2015లో ఒక అనుబంధ పుస్తకంలో బూమింగ్ బ్లేడ్ అనే క్యాంట్రిప్ వచ్చింది. క్యాంట్రిప్ అంటే స్లాట్ (రోజుకి ఇన్నే అని లెక్కగా దొరికే మంత్రశక్తి) ఖర్చు లేకుండా ఎన్నిసార్లయినా వేసుకునే చిన్న స్పెల్. దీన్ని వేయడం అంటే కత్తితో ఒక వేటు వేయడమే. తగిలితే కత్తి దెబ్బతో పాటు, శత్రువు అక్కడి నుంచి కదిలితే ఉరుము దెబ్బ కూడా. అయిదో లెవెల్ నుంచి తగిలినప్పుడే కాస్త ఉరుము దెబ్బ పడుతుంది. గోడకి ఇదొక కన్నం. అయితే ఇది స్పెల్ యాక్షన్ కాబట్టి ఎక్స్‌ట్రా అటాక్ రాదు. ఎల్డ్రిచ్ నైట్ అనే ఫైటర్ రకానికి మాత్రం ఏడో లెవెల్‌లో ఒక వెసులుబాటు ఇచ్చారు: యాక్షన్‌తో క్యాంట్రిప్ వేస్తే బోనస్ యాక్షన్‌తో ఒక వేటు. బలం +4, చేతిలో లాంగ్ సోర్డ్ అనుకుంటే, మామూలుగా రెండు వేట్లూ తగిలినప్పుడు సగటున 17 డ్యామేజ్. బూమింగ్ బ్లేడ్‌తో ఒక వేటు, బోనస్ యాక్షన్‌తో ఇంకో వేటు అయితే 21.5. శత్రువు కదిలితే మరో 9. లాభమే, కానీ బోనస్ యాక్షన్ ఖర్చయిపోతుంది.

2020లో వచ్చిన టాషా పుస్తకం ఇంకో దారి చూపించింది. అందులో బ్లేడ్‌సింగర్ అనే విజార్డ్ రకం అటాక్ యాక్షన్‌లోనే రెండు వేట్లలో ఒకటి వదులుకుని ఆ చోట క్యాంట్రిప్ వేసుకోవచ్చు. బోనస్ యాక్షన్ జోలికే వెళ్లదు. నా దృష్టిలో కత్తికీ మంత్రానికీ మధ్య ఈ ఆటలో వచ్చిన అన్ని రూల్స్‌లోనూ ఇదే అందమైనది. ఒక వేటు ఇచ్చావు, ఒక మంత్రం తీసుకున్నావు. లెక్క అక్కడికక్కడే చెల్లు. 2024లో ఎల్డ్రిచ్ నైట్‌కి కూడా ఇదే ఇచ్చారు, వేలర్ బార్డ్ అనే పాటగాడి రకానికీ ఇచ్చారు. పాత ఎల్డ్రిచ్ నైట్ బోనస్ యాక్షన్‌తో కట్టిన ధరని కొత్తవాడు వేటుతో కడుతున్నాడు. తయారుచేసినవాళ్లకి విషయం బోధపడిందనే అనుకున్నాను. అదే పుస్తకంలో పాలడిన్ పేజీ తిప్పేదాకా.

స్మైట్ కథ వేరు. 2014లో అది స్పెల్ కాదు, స్పెల్ స్లాట్‌ని మింగే దెబ్బ. కొట్టు, తగిలిందని తేలాక స్లాట్ ఖర్చు పెట్టు, ఒకటో లెవెల్ స్లాట్‌కి రెండు ఎనిమిది ముఖాల డైస్ అదనం, స్లాట్ పెద్దదయ్యే కొద్దీ ఒక్కో డైస్ ఎక్కువ. తగిలిన తర్వాత నిర్ణయం కాబట్టి స్లాట్ వృథా అయ్యే ప్రశ్నే లేదు. క్రిట్ (దాడి డైస్ మీద 20) పడితే ఆ డైస్ కూడా రెట్టింపు, ఇక పాలడిన్ ఆడేవాళ్లు కుర్చీలోంచి లేచి నిలబడతారు. వంతుకి ఇన్నిసార్లే అన్న హద్దు కూడా లేదు. అయిదో లెవెల్ పాలడిన్ గ్రేట్‌సోర్డ్‌తో రెండు వేట్లూ తగిలించి, రెండింటి మీదా రెండో లెవెల్ స్లాట్లు పోస్తే సగటున 49. అదే లెవెల్ ఫైటర్ రెండు వేట్లూ తగిలిస్తే 22. ఫైటర్ ఆడే మా తమ్ముడు ఆ పూటంతా ఫోన్ చూసుకుంటూ కూర్చునేవాడు, వాణ్ని తప్పుపట్టలేను. డీఎం ఎంతో కష్టపడి తయారుచేసిన రాక్షసుడు నోరు విప్పేలోపే పోయేవాడు. దీనికి పగ్గం వేయాలన్న విషయంలో నాకు ఎవరితోనూ తగాదా లేదు.

పగ్గం రెండు తాళ్లతో వేశారు. ఒకటి, స్మైట్ ఇప్పుడు స్పెల్. రెండు, వేటు తగిలిన వెంటనే బోనస్ యాక్షన్‌తో వేయాలి.

మొదటి తాడు ఎందుకు మంచిదో ఒక పూట ఆటలో చూశాను. అన్నయ్య మా కోసం గోల్కొండని నమూనాగా పెట్టుకుని ఒక కోట గీశాడు. చార్ట్ పేపర్ మీద బురుజులు, వంపు తిరిగిన దారి, పైన దర్బారు. ఓగర్ అనే భారీ రాక్షసుడిగా కొండపల్లి ఏనుగు బొమ్మ, అంబారీతో సహా. గోల్కొండలో ఫతే దర్వాజా దగ్గర చప్పట్లు కొడితే పైన బాలాహిస్సార్ దాకా వినిపిస్తుందని మనందరికీ స్కూల్ టూర్ నుంచీ తెలిసిన సంగతే కదా. ఆ కోటలోనూ అంతే. గేటు దగ్గర శబ్దమైతే పైన సైన్యం లేస్తుంది. మేమేమో చప్పుడు కాకుండా దూరాలని చూస్తుంటే శత్రువుల పూజారి తనంతట తానే గేటు మీద సైలెన్స్ వేశాడు. చుట్టూ ఇరవై అడుగుల మేర గాలి కూడా మూగబోయింది. ఎందుకు వేశాడో మాకు అర్థం కాలేదు. పాలడిన్ ఆడే మా వదిన ఓగర్‌ని కొట్టి, తగిలిందని తేలగానే డైస్ ఏరుకుంటుంటే అర్థమైంది.

"స్మైట్ పడదు," అన్నాడు అన్నయ్య.

"కొట్టాను కదండీ, తగిలింది కూడా!"

"తగిలింది. కత్తి దెబ్బ లెక్క పెట్టుకో. స్మైట్‌కి నోటితో మంత్రం చదవాలి. నోరు ఆడుతుంది, మాట రాదు."

"ఇంతకుముందు ఎప్పుడైనా చదివానా? దేవుడే ఇచ్చేవాడు."

"ఇప్పుడు చదవాలి."

ఇంటికెళ్లాక ఏమైందో మాకు తెలియదు గానీ బల్ల దగ్గర మాత్రం ఆ తర్వాత జరిగింది మా క్యాంపెయిన్‌లోనే గొప్ప యుద్ధం. సైలెన్స్ వేసినవాడు దాని మీద ఏకాగ్రత నిలపాలి, దెబ్బ తగిలితే కాన్‌స్టిట్యూషన్ సేవ్ (తట్టుకోగలడా అని తేల్చే డైస్) కొట్టాలి, పోతే స్పెల్ చెదిరిపోతుంది. కాబట్టి ఓగర్‌ని వదిలేసి పూజారిని వెతకాలి. అతను బురుజు మీద దాక్కున్నాడు. మా రోగ్ (చాటుగా కదిలే దొంగ) గోడ పాకాడు. నా స్పెల్స్‌కీ నోరు కావాలి, కాబట్టి గద తిప్పడం తప్ప నాకు గతిలేదు. వదిన ఏనుగు బొమ్మ ముందు నిలబడి ఉత్త కత్తితో కాచుకుంది. బాకు పూజారి భుజంలో దిగి, సేవ్ పోయి, శబ్దం ఒక్కసారిగా తిరిగొచ్చిన వంతులో వదిన స్మైట్ వేసింది. పైన సైన్యం కూడా లేచిందనుకోండి, అది వేరే కథ. 2014 రూల్స్‌లో అయితే ఇందులో ఏదీ జరిగేది కాదు. వదిన మూడు వంతుల్లో ఓగర్‌ని పడేసేది, సైలెన్స్ పుణ్యాన ఆ చప్పుడు కూడా పైకి వినిపించేది కాదు.

ఈ కథ మనవాళ్లకి కొత్తేం కాదు. బాణానికి మంత్రం జోడించి వదలడం వింటూ పెరిగినవాళ్లం. మన పురాణాల్లో ఆ మంత్రం ఎప్పుడూ ఉచితం కాదు, అడ్డంకి లేనిదీ కాదు. కర్ణుడికి బ్రహ్మాస్త్రం తెలుసు, కానీ అవసరానికి మంత్రం గుర్తుకు రాకూడదని పరశురాముడి శాపం. ఇంద్రుడిచ్చిన శక్తి ఒక్కసారికే పనికొస్తుంది. అర్జునుడి కోసం దాచుకున్నది ఘటోత్కచుడి మీద ఖర్చయిపోయింది. అంతకన్నా బాధాకరంగా పోయిన స్లాట్ ఏ టేబుల్ మీదా నేను చూడలేదు. ఆగ్నేయాస్త్రం వస్తే వారుణాస్త్రంతో ఆర్పేస్తారు, అది కౌంటర్‌స్పెల్ కాక మరేమిటి? నారాయణాస్త్రం ముందైతే ఆయుధాలు కింద పెట్టినవాణ్ని అది ఏమీ చేయదు. మంత్రం కలిసిన ప్రతి దెబ్బకీ ఏదో ఒక గండం ఉంది, అది తెలిసినవాడు ఎదుటి పక్షంలో ఉన్నాడు. స్మైట్ స్పెల్ అయ్యాక దానికీ అలాంటి గండాలు వచ్చాయి. రేజ్‌లో (ఉగ్రావేశంలో) ఉన్న బార్బేరియన్ అనే యోధుడు స్పెల్ వేయలేడు కాబట్టి బార్బేరియన్, పాలడిన్ కలిపి ఆడేవాళ్లకి రెండూ ఒకేసారి కుదరవు. ఎదుటి విజార్డ్ కౌంటర్‌స్పెల్ వేయొచ్చు. దీనికి మరీ భయపడాల్సిన పనిలేదు. కొత్త కౌంటర్‌స్పెల్‌కి కాన్‌స్టిట్యూషన్ సేవ్ ఉంది, పోయినా స్లాట్ మన దగ్గరే ఉంటుంది, పైగా ఆరో లెవెల్ నుంచి పాలడిన్‌కి ప్రతి సేవ్‌కీ చరిష్మా బోనస్ కలుస్తుంది. పాలడిన్ స్మైట్‌ని ఆపడానికి ఒక విజార్డ్ తన రియాక్షన్ తగలేసుకుంటే మా పార్టీకి పండగే.

ఇక రెండో తాడు. 2024 పుస్తకంలోనే, స్పెల్స్ అధ్యాయంలో, ఒక చిన్న నియమం ఉంది: ఒక వంతులో స్పెల్ కోసం ఒక్క స్లాట్ మాత్రమే ఖర్చు చేయాలి. స్మైట్ స్పెల్ కాబట్టి ఈ నియమం దానికీ వర్తిస్తుంది. అంటే వంతుకి ఒక్క స్మైట్ అన్న హద్దు బోనస్ యాక్షన్ ప్రస్తావన లేకుండానే వచ్చేసింది. పైన చెప్పిన 49 ఇప్పుడు 35.5. గుండె దడ పుట్టించే లెక్క అక్కడితో పోయింది. మరి బోనస్ యాక్షన్ దేనికి? అమీర్‌పేట్‌లో రైలు మారినందుకు మళ్లీ టికెట్ కొనమన్నట్టుంది.

ఆ రెండో టికెట్ భారం అందరి మీదా ఒకేలా పడదు, అదీ నా బాధ. పాలడిన్ బోనస్ యాక్షన్ వరసలో ఇప్పటికే తోపులాట ఉంది. చేయి వేసి గాయం మాన్పే లే ఆన్ హ్యాండ్స్ 2014లో యాక్షన్, 2024లో బోనస్ యాక్షన్. అది నిజంగా మంచి మార్పు, కొట్టి కూడా కాపాడొచ్చు. కానీ వేటు తగిలి స్మైట్ వేశావా, పక్కన పడి ఉన్నవాణ్ని ముట్టుకోలేవు. పోల్‌ఆర్మ్ (పొడవాటి కర్ర ఆయుధం) పట్టినవాడి బోనస్ వేటు కూడా ఆ వరసలోనే. విచిత్రం ఏమిటంటే ఈ ఇరుకు తయారీదార్లకి తెలుసు. అందుకే వౌ ఆఫ్ ఎన్మిటీ, సేక్రెడ్ వెపన్ అనే పాలడిన్ విద్యల్ని అటాక్ యాక్షన్‌లో భాగం చేసి వరసలోకి రాకుండా చూశారు. అన్నిటికన్నా ఎక్కువగా వాడేదాన్ని మాత్రం తెచ్చి వరసలో నిలబెట్టారు. ఇంకో నష్టం ఉంది, దాని గురించి తక్కువమంది మాట్లాడతారు. బోనస్ యాక్షన్ మన వంతులోనే ఉంటుంది. కాబట్టి పారిపోతున్న శత్రువుని రియాక్షన్‌తో కొట్టినప్పుడు స్మైట్ వేయలేం. "నన్ను దాటి వెళ్లు చూద్దాం" అని గుమ్మంలో నిలబడే పాలడిన్‌కి ఆ మాటలో పస పోయింది.

తమ్ముడు దీనికి ఒప్పుకోడు. "ఏదో ఒకటి ఎంచుకోవాల్సి రావడమే కదన్నా ఆట," అంటాడు. స్మైటా, ప్రాణం పోయడమా అన్న సంకటంలోనే మజా ఉందని వాడి వాదన. బలమైన మాటే. కానీ ఆ సంకటం స్లాట్లలో ఇప్పటికే ఉంది. అయిదో లెవెల్ పాలడిన్‌కి రోజంతా కలిపి నాలుగు ఒకటో లెవెల్ స్లాట్లు, రెండు రెండో లెవెల్ స్లాట్లు. బ్లెస్ వేయాలన్నా అవే, స్మైట్ వేయాలన్నా అవే. ఈ గది తర్వాత ఇంకెన్ని గదులున్నాయో తెలియనప్పుడు స్లాట్ తీయడానికి చేయి వణుకుతుంది చూడండి, ఆ టెన్షన్ అసలైనది. బోనస్ యాక్షన్ టెన్షన్ అలా కాదు. అది క్యారెక్టర్ షీట్ చూసుకుంటూ "ఇది బోనస్సా, అదీ బోనస్సా, అయితే కుదరదు" అని గొణుక్కునే టెన్షన్. నాగోల్ వైపు వెళ్లే చివరి మెట్రో అందుకోవాల్సినవాళ్లు బల్ల దగ్గర ఉన్నప్పుడు ఈ గొణుగుడుకి ఎంత టైమ్ పోతుందో డీఎంని అడగండి.

పాత్‌ఫైండర్ అనే ఇలాంటి ఇంకో ఆట వాళ్లయితే ఈ చిక్కుని మొదట్లోనే కోసేశారు. 2019 రెండో ఎడిషన్‌లో వంతుకి మూడు యాక్షన్లు, అన్నీ ఒకే రకం. వేటుకి ఒకటి, చాలా స్పెల్స్‌కి రెండు. రెండో దాడి నుంచి రోల్‌కి 5 తగ్గుతుంది, మూడోదానికి 10. దాడి రోల్ ఉన్న స్పెల్ కూడా ఆ లెక్కలోకే వస్తుంది, కత్తా మంత్రమా అని చూడదు. మేగస్ అనే క్లాస్ రెండు యాక్షన్లతో స్పెల్‌ని కత్తిలో నింపి కొడుతుంది. దాడి స్పెల్ అయితే ఒకే రోల్ రెండింటి గతీ తేలుస్తుంది, తర్వాత మళ్లీ అలా కొట్టాలంటే ఇంకో యాక్షన్‌తో సిద్ధం కావాలి. శుభ్రంగా ఉంది, ఒప్పుకుంటాను. కానీ అక్కడ స్పెల్‌కి తెగించేది ముందే, కత్తి తగలకపోతే అదీ పోతుంది. కర్ణుడి నాగాస్త్రం కిరీటాన్ని మాత్రమే ఎగరగొట్టుకుపోయినట్టు. భారతంలో వినడానికి అది అద్భుతమే గానీ, ఆదివారం పూట మియాపూర్ నుంచి ట్రాఫిక్‌లో ఈదుకుంటూ వచ్చినవాళ్లకి తగిలాక స్లాట్ తీసే సుఖం ఉండాలనే నా పక్షపాతం. 2024 వాళ్లు కనీసం దాన్ని చెడగొట్టలేదు, మిగతా స్మైట్ స్పెల్స్‌ని కూడా తగిలాక వేసేలా మార్చారు. అందుకు దండం పెట్టాల్సిందే.

మా టేబుల్ మీద ఇప్పుడు నడుస్తున్న పద్ధతి ఇది. స్మైట్ స్పెల్ గానే ఉంటుంది. నోరు కావాలి, స్లాట్ కావాలి, వంతుకి ఒక్క స్లాట్ నియమం దానికీ ఉంటుంది. బోనస్ యాక్షన్ అడగం. రియాక్షన్ వేటు మీద కూడా వేయొచ్చు, ఎందుకంటే అది వేరొకరి వంతు. అన్నయ్య వెంటనే ఒక సందు పట్టుకున్నాడు. పాలడిన్‌కి రోజుకోసారి స్లాట్ లేకుండానే స్మైట్ వేసే విద్య ఉంది, స్లాట్ ఖర్చు లేదు కాబట్టి ఒక్క స్లాట్ నియమం దానికి తగలదు, అంటే రోజుకోసారి ఒకే వంతులో రెండు స్మైట్లు పడతాయి. వదినేమో పడనివ్వండి, రోజుకోసారే కదా అంది. అన్నయ్య సరేనన్నాడు, కాకపోతే ఒక షరతు పెట్టాడు: శత్రువుల పక్షాన పాలడిన్ వస్తే వాడికీ ఇదే రూల్. వచ్చే అధ్యాయంలో అలాంటివాడు ఒకడున్నాడని తమ్ముడికి అనుమానం. వార్ క్యాస్టర్ ఫీట్ గురించి నేను మళ్లీ ఆలోచిస్తున్నాను.